ఈ సాయంత్రం నుంచి

ఖాసీం బస్సు అద్దం తుడుస్తూనే మూడోసారి ఫోన్ చూశాడు. మెసేజ్ ఇంగ్లీషులోనే ఉంది. చూసినకొద్దీ తెలుగవుతుందా మరి! ట్రావెల్స్ యజమాని అమరేందర్ తెల్లవారకముందే పంపాడు. ఖాసీం సీటెక్కాడు, దిగాడు, బాగున్న టైర్లనే మళ్లీ తన్ని చూశాడు.

నలభై తొమ్మిదేళ్ల మనిషి. పొట్టి. కంకర లారీ రోజుల్లో విరిగిన బొటనవేలు వంకరగానే అతుక్కుంది. ఏడో తరగతితో బడి మానేసి ట్రాక్టరు, లారీ, షేర్ ఆటో నడిపాడు. తొమ్మిదేళ్లుగా ఇబ్రహీంపట్నం నుంచి ఆదిభట్లకు ఒక కంపెనీ స్టాఫ్‌ను తిప్పుతున్నాడు. ఏ బండీ అతన్ని ఏడిపించలేదు, ఇంగ్లీషే ఏడిపించింది. పోయిన నెల ‘ఎక్సెప్ట్ మండే’ అంటే సోమవారం కూడా రమ్మని అనుకుని, సెలవునాడు ఖాళీ బస్సుతో కంపెనీ గేటు దగ్గర రెండు గంటలు కాపలా కాశాడు. “ఇంకోసారి గిట్లయితే తాళాలిచ్చి పో,” అన్నాడు అమరేందర్. అప్పటినుంచీ ఫోన్ మోగితే భయమే.

ముందు సీట్లో కూర్చునే స్టెల్లా ఆ కంపెనీ ఉద్యోగే, అతనికి మాత్రం పంతులమ్మ. సిన్స్ ఎక్కడ, ఫర్ ఎక్కడ, పికప్‌కు అప్ ఉంటే డ్రాప్‌కు డౌన్ ఎందుకు లేదు, ఇలా రోజుకో డౌటు అడుగుతాడు. ఆమె విసుక్కోదు. ఆమె ఎక్కీ ఎక్కగానే ఫోన్ చేతిలో పెట్టాడు.

“మేడం, జర గిది చూడున్రి. ‘విత్ ఎఫెక్ట్ ఫ్రమ్’ అంటే ఏంది?”

“ఈ సాయంత్రం నుంచి అమలు అని.”

“‘షల్ నాట్ బీ పర్మిటెడ్’?”

“ఎక్కనియ్యొద్దని.” ఆమె వేలితో మెసేజ్ కిందికి జరిపింది. “ఈ ఆరు నంబర్లోళ్లను కంపెనీ తీసేసిందన్నా. ఇంక బస్సెక్కనియ్యొద్దంట.”

పేర్లు లేవు, ఐడీ కార్డు నంబర్లే. ఆమె ఒక్కో అంకె విడదీసి చదువుతుంటే ఖాసీం ట్రిప్ షీటు వెనక రాసుకున్నాడు.

“మొఖం మీద ఎట్ల చెప్పాలె మేడం? మర్యాదగ ఇంగ్లీషుల చెప్పున్రి.”

“‘అయాం సారీ, యూ కాంట్ బోర్డ్ టుడే.’ గంతే. సారీ ముందుగాల చెప్పు. నేల చూడకు, మొఖం చూసి చెప్పు.”

మధ్యాహ్నం తోటి డ్రైవర్లు చెట్టుకింద కునుకు తీస్తుంటే అతను బస్సు చుట్టూ తిరుగుతూ ఆ వాక్యాన్నే గొణుక్కున్నాడు. పక్క అద్దంలో తన మొఖానికే రెండుసార్లు చెప్పి చూశాడు. సారీ బాగానే వచ్చింది, బోర్డ్ దగ్గర నాలుక తడబడింది. ఒక్క నంబరు తప్పినా మళ్లీ కంకర లారీయే గతి.

సాయంత్రం తలుపు దగ్గర నిలబడి కార్డులు చూశాడు. ఆరుగురిలో ముగ్గురే వచ్చారు. ముగ్గురికీ మొఖం చూసే చెప్పాడు. ఒకడు నవ్వాడు, ఒకడు తిట్టాడు. మూడో అమ్మాయి “ఇట్సోకే అంకుల్” అని ఆటోల వైపు నడిచింది. తప్పు జరగలేదు. కొలువు నిలబడింది. ఖాసీం పెద్దగా ఊపిరి వదిలాడు.

టైమైంది. స్టెల్లా రాలేదు. రెండుసార్లు హారన్ కొట్టాడు. ఐదు నిమిషాలు ఆగాడు. వెనక గొణుగుడు మొదలైంది.

“పోనియ్ అన్నా,” అంది రెండో వరుసలోని స్తుతి. “స్టెల్లా రాదు. ఆఫీసుల పెట్టిన లిస్టుల రెండో నంబరు ఆమెదే.”

ఖాసీం చేతులు స్టీరింగ్ మీదే ఉండిపోయాయి. పొద్దున రెండో నంబరు తను సరిగా రాసుకున్నాడో లేదోనని ఆమే మళ్లీ చదివింది. కాగితం మీద తల వంచుకుని రాసుకున్నాడే తప్ప ఒక్కసారి ఆమె వంక చూశాడా? తన కొలువు నిలబడినందుకు సిగ్గేసింది. గేరు మార్చాడు.

ఆర్టీసీ బస్సుల్లో కాలేజీకి తిరిగిన అలవాటు పోక, ఆమె పొద్దున దిగేటప్పుడే సాయంత్రానికి సీటు ఆపుకుని పోయేది. ఈరోజూ ముందు సీటు మీద నాలుగు మడతల నీలం కర్చీఫ్ ఉంది.