వరస తప్పిన చుట్టం

వాడికి చదువు లేదు, ఆస్తి లేదు, ఉన్నదల్లా నోరు. గుమ్మం దాటిన రెండు నిమిషాల్లో ఎవరితోనైనా వరస కలిపేసేవాడు. అందుకే ఆ కుట్టు షెడ్డు ఆడవాళ్లు వాడికి చుట్టం అని పేరు పెట్టారు.

షెడ్డులో పదకొండు కాలి మిషన్లు. ఒక్కొక్కటీ ఒక్కో ఆడమనిషి సొంతం. ఆమె పొయ్యి వెలగాలన్నా, పిల్లలు బడికెళ్లాలన్నా అదే దిక్కు. తొక్కీ తొక్కీ అందరి మోకాళ్లూ అరిగాయి. మిషన్లు పట్టుకెళ్లి పైసా తీసుకోకుండా మోటార్లు బిగించి తెస్తానన్నాడు చుట్టం. నాలుగు రోజులు తిరిగాడు. కాజాలు కుట్టే పెద్దావిడని "పిన్నీ" అని పిలిచి, ఆమె మోకాలు చూసి కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. అవి దొంగ కన్నీళ్లు కావు, అదే వాడి గొప్ప. పిలిచినంతసేపూ ఆమె వాడికి పిన్నే. లారీ కదిలాకే అది అబద్ధమవుతుంది. మనమంతా ఒకే కుటుంబం అనే యజమానులకు ఆ పాటి తడి కూడా ఉండదు.

ఐదో రోజు పొద్దున లారీ వచ్చింది. ఏడు మిషన్లు ఎక్కాయి. ఎనిమిదోది కాలర్లు కుట్టే పిల్లది. చుట్టం దాని చక్రం మీద చెయ్యేసి నవ్వాడు.

"ఇది నేనే మోస్తా మరదలా. నీ పాదాలు కందితే చూడలేను."

పెద్దావిడ సూది ఆపింది.

"ఏమన్నావు దాన్ని?"

"సరదాకి మరదలన్నా పిన్నీ."

"అది నా కూతురు. నేను పిన్నినైతే అది నీకు చెల్లెలు కాదూ?"

"అయితే నువ్వు అత్తవి. నోరు జారింది."

"నేను అత్తనైతే మా అన్న నీకు మామయ్య ఎలా అయ్యాడు?" అంటూ గేటు దగ్గరి వాచ్‌మన్‌ని చూపించింది. "నిన్న మామయ్యా అంటూనే ఆయన టీ తాగేశావుగా."

"అసలు మీ అమ్మ ఎవరి కూతురు నాయనా?" అంది ఇస్త్రీ బల్ల దగ్గరావిడ.

పోలీసుల ముందు కూడా తడబడని మనిషి వేళ్లు మడుచుకుంటూ మూడుసార్లు లెక్క తప్పాడు. ఊళ్లో అందరినీ వరసలు కలిపి పిలిచాడు గాని, వాణ్ణి ఏదో ఒక వరసతో పిలిచిన ఇల్లు ఒక్కటీ లేదు.

వాచ్‌మన్ గేటు మూశాడు. బాడుగకొచ్చిన లారీ డ్రైవరు ఇంజను ఆపేసి బీడీ వెలిగించాడు.

"వరస తర్వాత తేల్చుకుందాం. ముందు మిషన్లు దించు అల్లుడూ," అంది పెద్దావిడ.

అందరూ నవ్వారు. వాడొక్కడే దించాడు. ఏడోది గుమ్మంలో ఇరుక్కుంది. చెమటలు కక్కుతూ ఆ పిల్ల వైపు చూశాడు.

"చెల్లీ, కాస్త తలుపు పట్టుకో."

పట్టుకుంది. మిషన్ లోపల పెట్టి వాడు బయటికి రాగానే, వెనక నుంచి తలుపు ధడాలున వేసేసింది.