అక్క కంటే పెద్ద తమ్ముడు

ఊరికి కుళాయి నీళ్ళు వదిలే ఉద్యోగి కాబట్టి అందరూ అతన్ని నీళ్ళాయన అనేవారు. ముప్పై ఆరేళ్ళుగా కోడి కంటే ముందు లేచి, బారెడు ఇనుప తాళంచెవి భుజాన వేసుకుని, వీధి వీధికీ దాంతో వాల్వు తిప్పుతున్నాడు. నేలకు చెవి ఆనించి, గొట్టం ఎక్కడ కారుతోందో చెప్పగలడు. అలాంటివాడికి ఆఫీసు నుంచి కాగితం వచ్చింది: ఈ నెలాఖరుకు మీకు అరవై నిండుతాయి, ఇక విశ్రాంతి తీసుకోండి.

“అరవయ్యా! నాకు యాభై ఏడే కదా!” అని లబోదిబోమన్నాడు.

తప్పు బడిలో జరిగింది. వాళ్ళ నాన్న తాపీమేస్త్రి. రెండు రోజుల పని చెడగొట్టుకోవడం ఇష్టంలేక తొమ్మిదేళ్ళ కూతుర్నీ ఆరేళ్ళ కొడుకునీ ఒకే రోజు బడికి తీసుకెళ్ళాడు. “ఒకరికి తొమ్మిది, ఒకరికి ఆరు” అని చెప్పి, కలిపిన సిమెంటు గట్టిపడిపోతుందని పరుగెత్తాడు. ఆ బడిలో మగపిల్లల పేర్లు ముందు రాయడం అలవాటు. హెడ్మాస్టరు ముందు రాసిన పేరుకు ముందు చెప్పిన అంకె తగిలించాడు. ఇక పుట్టిన తేదీ అంటారా, ఎవరికీ తెలియదు కనుక ఆ బడి పిల్లలంతా ఒకే తేదీన పుట్టారు.

నీళ్ళాయన కోర్టుకెక్కాడు. లాయరు సాక్షి కావాలన్నాడు. నాన్న లేడు, అమ్మ లేదు, హెడ్మాస్టరు ఎప్పుడో పోయాడు. మిగిలింది అక్క.

అక్క ప్రభుత్వాసుపత్రిలో మందులిచ్చే కిటికీ దగ్గర పనిచేస్తుంది. ఆ కిటికీ ముందు ఒకే ప్రశ్న రెండుసార్లు అడిగే ధైర్యం ఎవరికీ లేదు. సంగతి వినగానే చెప్పులు వేసుకుంది.

“నేను చంకనేసుకుని తిప్పినవాడివి నాకంటే పెద్దవాడివెలా అవుతావురా? పద, నేను చెప్తా.”

కోర్టులో జడ్జిగారు నెమ్మదిగా అడిగారు. “అమ్మా, ఈయన మీకేమవుతారు?”

“తమ్ముడండీ. వీణ్ణి మోసీ మోసీ నా నడుం ఒక పక్కకి ఒరిగింది. నడిచి చూపించమంటారా?”

“వద్దమ్మా, నమ్ముతాను. మీరు ఎన్నేళ్ళు పెద్ద?”

“మూడేళ్ళు. ఒక్క పూట కూడా తగ్గదు.”

నీళ్ళాయన లాయరు మీసం కింద నవ్వుకున్నాడు. అప్పుడు ప్రభుత్వ లాయరు దగ్గుతూ లేచాడు. “మీరేం చేస్తుంటారమ్మా?”

“ప్రభుత్వాసుపత్రిలో మందులిస్తాను. ఆ దగ్గు మంచిది కాదు బాబూ, రేపొచ్చి చీటీ రాయించుకోండి.”

“తప్పకుండా వస్తాను. మీ రిటైర్మెంటు ఎప్పుడు?”

“ఇంకా మూడేళ్ళుంది” అంది అక్క ధీమాగా. తన వయసు తగ్గించి రాశారని ఆవిడకు ఎప్పటినుంచో తెలుసు. ఆడపిల్ల మీద హెడ్మాస్టరుకు జాలి కలిగిందనుకుందే తప్ప, ఆ మూడేళ్ళూ ఎవరి నెత్తిన పడ్డాయో ఏనాడూ ఆలోచించలేదు.

జడ్జిగారు వేళ్ళు మడిచి లెక్క చూశారు. “ఈయనకి యాభై ఏడైతే మీకు అరవై. ఈయన ఉద్యోగంలో ఉంటే, ఈ నెలాఖరుకు మీరు ఇంటికెళ్ళాలి కదమ్మా!”

నీళ్ళాయన ఒక్క ఉదుటున లేచాడు.

“అయ్యా, ఆవిడ నాకు చెల్లెలండీ!”

అక్క మెల్లగా తల తిప్పింది. “ఎవర్రా చెల్లెలు?”

“అక్కా, నువ్వు కాసేపు ఊరుకో!”

“చెల్లెల్ని అక్కా అంటున్నారేం?” అన్నారు జడ్జిగారు.

“భయం వల్లనండీ.”

“ఉద్యోగం పోతే పోనీయండయ్యా” అంది అక్క. “వీడి ముక్కు తుడిచినదాన్ని నేను. ఈ వయసులో వీడికి చెల్లెల్ని కాలేను. రాసుకోండి.”

జడ్జిగారు ఫైలు అడ్డం పెట్టుకుని నవ్వుకున్నారు. ఇద్దరూ బయటికి వెళ్ళి పావుగంటలో ఏదో ఒకటి తేల్చుకు రమ్మన్నారు.

వరండాలో అక్క విరుచుకుపడింది. “ఆ గొట్టాలు లేకుండా నువ్వు బతుకుతావట్రా? మొన్న జ్వరంలో కూడా ఏ వీధికి ఎంతసేపు వదలాలో కలవరించావని మీ ఆవిడ చెప్పింది.”

“నువ్వు మాత్రం? తిట్టడానికి రోజుకి మూడొందల మంది దొరుకుతున్నారు. ఇంట్లో కూర్చుంటే ఆ తిట్లన్నీ నా ఒక్కడికేగా!”

“నోరుముయ్యి. నేను నిజం చెప్పడానికొచ్చాను, అదే చెప్తా.”

నీళ్ళాయన గోడకు ఆనుకున్నాడు. ఆ తాళంచెవి అప్పగించడం తలుచుకుంటేనే అరచేతులు బోసిగా అనిపించాయి. కానీ వాల్వు ఎవరు తిప్పినా నీళ్ళు వస్తాయి. చదువురాని ముసలివాళ్ళకు పొద్దుటి మాత్రలు తెల్ల కాగితంలో, సాయంత్రం మాత్రలు రంగు కాగితంలో తిడుతూనే చుట్టి ఇచ్చే మనిషి ఆ కిటికీలో మరొకరు లేరు. ఆ సంగతి అక్కతో అంటే అందుకూ తిడుతుంది. చెప్పకుండానే లోపలికి నడిచాడు.

“కేసు వెనక్కి తీసుకుంటున్నానండీ. నాకు అరవయ్యే.”

“పావుగంట క్రితం యాభై ఏడు కదా?”

“వరండాలో మా అక్కతో మాట్లాడానండీ. మూడేళ్ళు మీద పడ్డాయి.”

అతని లాయరు ఫైలును చెంపదెబ్బ కొట్టినట్టు మూశాడు. అక్క లేచి వచ్చి తమ్ముడి చొక్కా కాలరు సరిచేసింది. తిట్టకుండా ఆవిడ ఆ పని చేయడం నీళ్ళాయన పుట్టి బుద్ధెరిగాక అదే మొదటిసారి.

గుమస్తా కాగితం తెచ్చాడు. నీళ్ళాయన వయసు దగ్గర అరవై వేసి సంతకం పెట్టాడు. కింద సాక్షి గడులు అక్కవి. పేరు రాసింది, ఊరు రాసింది. వయసు దగ్గరికి వచ్చేసరికి కలం ఆగింది. అక్క ముక్కు ఎగబీల్చి, కొంగుతో కళ్ళొత్తుకుని, ఆ గడిలో గుండ్రటి అక్షరాలతో ‘వీడి అక్క’ అని రాసింది.

గుమస్తా ఒకసారి కాగితం వైపు, ఒకసారి ఆవిడ వైపు చూశాడు. తర్వాత ముద్ర వేశాడు.