ఎర్రావు చూపు

"చూడదే! ఎండలో తిప్పకు" అని ఎర్రావును పరీక్షించి వెళ్తూ గేటు దగ్గర నుంచి డాక్టరు గారు అరిచినట్టు బర్నబాసుకు వినపడింది. మోపెడ్ మోత, సముద్రపు గాలి, బావి గిలక కీచుమనడం, మూడూ కలిసి ఆ మాటను నలిపేశాయి. చేద వదిలి పరిగెత్తేసరికి పశువుల డాక్టరు నరసింహారావు సరుగుడు తోపు మలుపు తిరిగిపోయాడు.

ఎర్రావుకు చూపు పోయిందన్నమాట.

సూర్యలంక ఇసుకలో, రోడ్డుకు దూరంగా పడివున్న ఆ పశువుల దొడ్డికి బర్నబాసు, అతని భార్య దానమ్మే దిక్కు. గడ్డి పొన్నూరు నుంచి లారీలో రావాలి. వానపడితే లారీ రాదు, ఆకలి మాత్రం వస్తుంది. నీళ్లు తోడటమే అతనికి తోడు. పాలలో అతని పాలు లేదు గాని, పేడంతా అతని వాటాయే. అతను పడుకున్నా నడుంనొప్పి లేచే ఉంటుంది.

తెనాలిలో ఉండే యజమాని రాజారత్నం గారు రేపు వస్తారు. పనికిరాని పశువును అక్కడికక్కడే బేరగాడు కొండయ్యకు అప్పగించడం ఆయన పద్ధతి. తల్లి చచ్చిన ఎర్రావును దానమ్మ సీసాతో పాలు పట్టి పెంచింది.

దానమ్మ ఈ కబురు నమ్మలేదు. తవుడు గంప చూసి నిన్న ఉరికొచ్చిందిగా అంది. వాసనకొచ్చిందన్నాడు బర్నబాసు. ఆవు కళ్లముందు తువ్వాలు ఊపాడు. అది విసుగ్గా మొహం తిప్పుకుంది.

"చూశావా, చూడట్లేదు."

"నీ మొహం రోజూ చూసి విసిగిందయ్యా. నాకూ అంతే."

మర్నాడు జీపు వచ్చేసరికి బర్నబాసు ఎర్రావును పలుపు పట్టి నీడనీడనే నడిపిస్తున్నాడు. ఇదిగో గుంట, అదిగో గుంజ అని దానికి దారి చెబుతున్నాడు. జీపులోంచి రాజారత్నం గారు, డాక్టరు, వెనక నుంచి పలుపుతాడుతో కొండయ్య దిగారు. ఏంటయ్యా ఇది అని అడిగారు యజమాని.

దాచే ఓపిక బర్నబాసుకు లేదు.

"దీనికి చూపు పోయిందండి. కొండయ్యకు ఇవ్వకండి సార్. అది చూడకపోతే ఏంటండి, నేను చూసుకుంటానండి."

కొండయ్య తాడు విప్పబోయాడు. డాక్టరు చెయ్యి అడ్డం పెట్టాడు.

"చూపు పోయిందని ఎవరన్నారు?"

"మీరేగదండి. చూడదే అన్నారు."

డాక్టరు తల పట్టుకున్నాడు. తర్వాత యజమానికి, దానమ్మకు, కొండయ్యకు కూడా వినపడేలా నిదానంగా చెప్పాడు.

"చూడదే కాదయ్యా, చూడిదే అన్నాను. ఇది కడుపుతో ఉంది."