నా తిత్తి కోసిన సంగీతం

నేను ఒక హార్మోనియాన్ని. వయసు అడక్కండి, నాటకాల వాళ్ల దగ్గర పెరిగినదాన్ని, నిజం చెప్పను. తెనాలిలో ఒక వడ్రంగి నన్ను టేకుతో చేసి, రీడ్లు బిగించి, నాటకాలకు వాయించే కోటిలింగం గారి చేతిలో పెట్టాడు. ఆయనతో ఊరూరా తిరిగాను. పద్యానికి వన్స్‌మోర్ పడితే చప్పట్లన్నీ పాడినవాడికే వెళ్లేవి. శ్రుతి మోసింది నేనని ఎవరికి గుర్తు? పోనీలెండి, మనుషుల సంగతి నాకు కొత్తా?

కోటిలింగం గారు పోయాక ఎలుకలు నాలో గాలి నింపే తిత్తి కొరికాయి. మెట్టు నొక్కితే స్వరం కన్నా ముందు గురక వచ్చేది. ఆయన కూతురు నాగరత్నం నన్ను చిన్న సినిమాలకు సంగీతం కట్టే హృషీకేశ్ చేతిలో పెట్టి, జాగ్రత్త బాబూ అంది. బాగు చేయించి, కళ్లల్లో పెట్టుకుని చూసుకుంటానన్నాడు.

హైదరాబాదులో అతనిది ఇరుకు గది. గిన్నెలో గులకరాళ్లు దొర్లించి, ఫ్యాను రెక్కకు దారం కట్టి, వచ్చిన చప్పుడునే సంగీతమనేవాడు. నాకు నవ్వొచ్చింది. అప్పుడతని చేతిలో ఒక సినిమా ఉంది. రాళ్ల మిల్లులో దుమ్ము పీల్చి ఊపిరితిత్తులు పాడైన కూలీ కథ. నా గురక విన్నాడు. ఆ కూలీ ఊపిరికి ఇదే సంగీతమన్నాడు. బాగు చేయించడం మానేసి, నా పొట్ట దగ్గర మైకు పెట్టి, ఒక్కో మెట్టూ నొక్కి గంటల తరబడి విన్నాడు. నా లోపాన్ని కూడా నెత్తిన పెట్టుకునేవాడు దొరికాడని పొంగిపోయాను. నా పిచ్చి కాకపోతే!

చిక్కంతా చివరి దృశ్యంతో వచ్చింది. కూలీ చనిపోతాడు. దర్శకురాలు తబస్సుమ్‌కు మళ్లీ రాని ఊపిరి కావాలి. నేనేమో తిత్తి మూసిన ప్రతిసారీ మళ్లీ గాలి పీల్చుకుంటాను, అది నా పుట్టుక. కంప్యూటర్లో కత్తిరించి వినిపిస్తే, అతికించినట్టుందని ఆమె పెదవి విరిచింది. ఆమె వెళ్లాక అతను మైకు సరిచేసి బ్లేడు తీశాడు. నాలో నిండా గాలి నింపి, మెట్టు మీద వేలుంచి, తిత్తిని పైనుంచి కిందిదాకా కోశాడు. ఆ శబ్దం విని ఏడ్చాడు కూడా. దొంగ ఏడుపు కాదు, నిజంగానే ఏడ్చాడు. నాకు ఇప్పటికీ ఒళ్లు మండేది అందుకే.

సినిమాను మెచ్చుకోనివాళ్లు లేరు. అది చూసి నాగరత్నం ఆ గదికి వచ్చింది. నేను గుడ్డ కప్పుకుని స్పీకరు మోస్తున్నాను.

"నాన్న పెట్టె ఒక్కసారి చూసి పోతాను బాబూ."

"రిపేరుకిచ్చానాంటీ. వచ్చేస్తుంది" అన్నాడు, తడుముకోకుండా.

ఆమె నమ్మింది. టీ గ్లాసు నా అంచు మీదే పెట్టి, సినిమాలో ఆఖరి ముక్క మళ్లీ వినిపించమని అడిగింది. నా నెత్తి మీద స్పీకర్లో నా ఊపిరి తెగింది. ఆమె కళ్లు మూసుకుని విన్నది.

"ఎంత బాగా పలికించావు బాబూ! బాగయ్యాక కబురు చెయ్యి, మళ్లీ వస్తా."

ఇక్కడున్నానమ్మా అని పిలవబోయాను. పిలవడానికి గాలి లేదు.