చింతపండుతో తోమిన మౌత్ ఆర్గాన్

ఎంగిలి విషయంలో నేను రాజీపడే మనిషిని కాను. పెళ్ళయి ఇరవై ఆరేళ్ళయినా మా ఆయన కృష్ణప్రసాద్ తాగిన గ్లాసులో నేను మంచినీళ్ళు తాగి ఎరగను. ఆ సంగతి ఆయనకీ తెలుసు. తెలిసి కూడా ఆ శుక్రవారం, భోజనాల బల్ల దగ్గర, నా కళ్ళముందే, పక్కింటి బెల్జియం పెద్దాయన వాయించి ఇచ్చిన మౌత్ ఆర్గాన్ తీసుకుని తన నోట్లో పెట్టుకున్నారు. ఇచ్చేముందు పెద్దాయన దాన్ని చొక్కా అంచుతో తుడిచారు లెండి. తుడిస్తే ఎంగిలి పోతుందా?

దోహాలోని మదీనత్ ఖలీఫా పేటలో మేముండేది ఒకే విల్లాని మూడు ముక్కలు చేసిన ఇల్లు. పక్క ముక్కలో ఉండే సంగీతం టీచరమ్మకి తండ్రి ఈ ఫ్లోరెంట్ గారు. డెబ్బై ఎనిమిదేళ్ళు. భార్య పోయాక కూతురి దగ్గరికి దోహా వచ్చేశారు. మా ఆయనకి ఇంజనీరింగ్ హాస్టల్లో మౌత్ ఆర్గాన్ ఊదిన చరిత్ర ఉంది కాబట్టి ఇద్దరికీ తెగ కుదిరింది. శుక్రవారం వస్తే చాలు, మా ఇంట్లో పప్పన్నం తింటూ ఫ్లోరెంట్ గారు తన జీవితం విడతలు విడతలుగా చెబుతారు.

ఆయన పుట్టింది బొగ్గుగనుల ఊళ్ళో. ఆ ఊళ్ళో ప్రతి ఇంట్లో ఒక అకార్డియన్ ఉండేదట. వీళ్ళింట్లో దాన్ని అన్నగారు పట్టేసుకున్నాడు. జేబులో పట్టే మౌత్ ఆర్గాన్ ఈయన వాటాకి వచ్చింది. పదిహేడేళ్ళకి బ్రస్సెల్స్ వెళ్ళి జాజ్ క్లబ్బుల గుమ్మాలెక్కితే, పిల్లల బొమ్మ పట్టుకుని ఎక్కడికొచ్చావని నవ్వారట. తర్వాత వాళ్ళే పిలిచారు. నలభై సినిమాలకి వాయించారు, ఒక్కదాంట్లోనూ పేరు వేయలేదు. ఒక బిస్కెట్ల ప్రకటనకి ఆయన వాయించిన ముక్కని వాళ్ళ దేశంలో చంటిపిల్లలు కూడా కూనిరాగం తీస్తారట, వాయించిందెవరో మాత్రం ఎవరికీ తెలియదు. పెద్ద పెద్ద గాయనుల పోస్టర్ల అడుగున, చీమ తలకాయంత అక్షరాల్లో, ‘వీరితో పాటు’ అని ఉండేదట ఆయన పేరు.

“ఈ సాయంత్రం పోస్టర్ మీద నా పేరొక్కటే ఉంది మేడమ్,” అన్నారు ఆ రోజు. “అరవై ఏళ్ళకి ఇదే మొదటిసారి. నా ఊపిరి ఇలాగే ఉంటే ఇదే చివరిసారి కూడా.”

కచేరీ ఏడింటికి, ఒక హోటల్ హాల్లో. నేను ఆయన కంచంలో ఇంకాస్త పప్పన్నం వడ్డించాను.

భోజనం కాగానే ఆయన కునుకు తీయడానికి వెళ్ళారు, మౌత్ ఆర్గాన్ బల్ల మీదే మరిచిపోయి. మా ఆయన్ని కంపెనీవాళ్ళు డ్యూటీకి పిలిస్తే ఓ గంటలో వస్తానని పోయారు. నేనూ, అదీ మిగిలాం. చేతిలోకి తీసుకుని చూస్తే సందుల్లో నల్లగా మకిలి. పాపం, ఇల్లాలు లేని మనిషి, ఎవరు కడుగుతారు? పేరు పోస్టర్‌కెక్కే రోజున ఈ మురికితోనా? పని చేస్తే పూర్తిగా చేయాలనేది మా వంశాచారం. స్క్రూడ్రైవర్‌తో మూతలు విప్పేశాను. జూన్ నెల కాబట్టి కుళాయి తిప్పితే మరిగే నీళ్ళే. చింతపండు, ఉప్పు వేసి, పాత టూత్‌బ్రష్‌తో అరగంట తోమాను. లోపల అంటుకున్న సన్నటి ప్లాస్టిక్ పొరలు ఊడొచ్చాయి. వాటిని చెత్తబుట్టలో వేశాను. ఇత్తడి రేకులు దేవుడి గంటలా మెరిసిపోయాయి. నలభై నాలుగు డిగ్రీల ఎండలో ఆరబెట్టి, మళ్ళీ బిగించి, నన్ను నేనే మెచ్చుకున్నాను.

మా ఆయన వచ్చి ఊదారు. ఉఫ్ మని గాలి వచ్చింది. ఇంకోచోట ఊదారు. పిల్లి తోక తొక్కినట్టు కీచుమంది.

“ఏం చేశావే?”

“కడిగాను.”

ఆయన నేలమీద కూలబడ్డారు. ఆ పొరలు గాలి బిగపట్టే పొరలట. లోపలి కొయ్య ఉబ్బిందట. ఇది ఫ్లోరెంట్ గారు ముప్ఫై ఏడేళ్ళుగా వాయిస్తున్నదట, మిగతావి బ్రస్సెల్స్‌లో ఉన్నాయట. పుణ్యానికి పోతే పాపం ఎదురైంది. కోపం వచ్చింది, మా ఆయన మీద. ఆయన నోట్లో పెట్టుకోకపోతే నాకీ ఆలోచనే రాదు కదా. కానీ ఆ కోపం కింద భయం ఉంది. అరవై ఏళ్ళు ఎదురుచూసిన మనిషి సాయంత్రాన్ని నేను సింకులో పోసేశాను.

“పెద్దాయన లేస్తే టీ ఇచ్చి ఏదో ఒకటి మాట్లాడుతూ ఉండండి,” అని చెప్పి, చెత్తబుట్టలో గోంగూర కాడల మధ్య నుంచి పొరలు ఏరుకుని, కారు తీశాను.

ఫరీజ్ అబ్దుల్ అజీజ్ పేటలో బుర్హానుద్దీన్ వాచీలు బాగుచేస్తాడు. జగిత్యాల మనిషి. శుక్రవారం నమాజు, భోజనం అయ్యి నాలుగింటికి షట్టర్ ఎత్తేసరికి గుమ్మంలో నేనున్నాను.

“గిది గడియారం గాదు గదా మేడమ్. నేనెన్నడు ముట్టలే.”

“బుర్హాన్ భాయ్, మీరు కాదంటే నేను సముద్రంలో దూకాలి.”

“గంత మాటెందుకు? రేకులైతే స్ప్రింగుల లెక్కనే ఉన్నయ్. యల్లా, షురూ జేద్దాం, కూసోండ్రి.”

కంటికి భూతద్దం తగిలించాడు. ఉబ్బిన కొయ్యని గీకాడు. పొరల్ని చిన్న పట్టకారుతో ఒక్కొక్కటే అంటించాడు. తర్వాత బుగ్గలు పొంగేలా ఊదాడు. ఏదో మోగింది.

“మోగుతున్నది. గనీ సరిగ మోగుతున్నదా లేదా నాకెట్ల ఎర్క? మీరు ఊదుండ్రి.”

“నేనా?”

మౌత్ ఆర్గాన్ నా ముందుకు చాపాడు. దాని మీద బుర్హాన్ భాయ్ పెదాల తడి ఇంకా ఉంది. గోడ మీది ఇరవై గడియారాలూ ఐదుంబావు చూపిస్తున్నాయి. కళ్ళు మూసుకుని నోట్లో పెట్టుకున్నాను. చింతపండు రుచే వచ్చింది.

చిన్నప్పుడు తెనాలిలో పన్నెండేళ్ళు సంగీతం నేర్చుకున్నాను. పెళ్ళయ్యాక తంబూరాని అటకెక్కించాను. ఎవరూ ఎక్కించమనలేదు, నేనే. కానీ చెవి ఎక్కడికీ పోలేదు. “రిషభం కొంచెం తగ్గింది భాయ్,” అంటే అతను రేకుకి ఆకురాయి తాకించి ఊదేవాడు, లాక్కుని నేను ఊదేదాన్ని. “ఇంకొంచెం.” మళ్ళీ అతను, మళ్ళీ నేను. తుడవడానికి కూడా తీరిక లేదు. ఒక్కో స్వరం దారిలోకి వస్తుంటే నాకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి.

ఒక్క రేకు మాత్రం మొదలంటా విరిగిపోయి ఉంది. నా టూత్‌బ్రష్ పుణ్యం.

“మాఫీ మేడమ్. గిదొక్కటి నాతోని గాదు,” అన్నాడు బుర్హాన్ భాయ్, తన తప్పేదో ఉన్నట్టు తల వంచుకుని.

అది మధ్యస్థాయి ధైవతం.

ఇంటికి చేరేసరికి ఆరుంబావు. ఫ్లోరెంట్ గారు సూటు వేసుకుని గేటు దగ్గర నిలబడి ఉన్నారు. పక్కన మా ఆయన చెమటలు కక్కుతూ ఎల్‌ఐసీ పాలసీల గురించి ఏదో చెబుతున్నారు. నేను దాచలేదు. చింతపండు దగ్గర మొదలుపెట్టి అంతా చెప్పేశాను, ఏడుస్తూనే.

ఆయన మౌత్ ఆర్గాన్ అందుకుని వాసన చూశారు. కింది నుంచి పైకి ఊదుకుంటూ వెళ్ళారు. ధైవతం దగ్గర గాలి మాత్రమే వచ్చింది. ఆయన మెట్టు మీద కూర్చుండిపోయారు.

“మొదటి పాటంతా ఆ స్వరం మీదే నిలబడుతుంది మేడమ్.”

“నన్ను క్షమించండి.”

“అది ఏ స్వరమో మీకు తెలుసా?”

పాడి చూపించాను. ఆయన తల పైకెత్తి నన్నే చూశారు.

“జీవితమంతా పాడేవాళ్ళ సందుల్లో నేను వాయించాను. ఇవాళ నా సందులో మీరు పాడండి.”

“అయ్యో, నా వల్ల కాదు!”

“కడిగింది మీరేగా,” అన్నారాయన.

చింతపండు మరకల చీరతోనే వెళ్ళి ముందు వరసలో కూర్చున్నాను. చేతికి మైకు ఇచ్చారు. ఆయన కనుబొమ్మ ఎత్తినప్పుడల్లా నేను పాడాలి. మొదటిసారి ఆలస్యంగా అందుకున్నాను, హాలంతా నవ్వింది. రెండోసారి ముందే పాడేశాను, మా ఆయన తల పట్టుకున్నారు. మూడోసారి కుదిరింది. ఆ తర్వాత ఎవరూ నవ్వలేదు. ఆయన నా స్వరం చుట్టూ తిరుగుతూ, దాన్ని పిలుస్తూ, ఏడిపిస్తూ వాయించారు. పక్కన గిటార్ అబ్బాయి వాయించడం మానేసి మమ్మల్నే చూశాడు.

పాట ముగిసేది కూడా ఆ స్వరం మీదేనని ఆయన నాకు చెప్పలేదు. ఉన్నట్టుండి పెదాల నుంచి మౌత్ ఆర్గాన్ తీసేసి, ఒళ్ళో పెట్టుకుని, కనుబొమ్మ ఎత్తారు. వాద్యాలన్నీ ఆగాయి. అంతమంది మధ్యలో నా గొంతు ఒక్కటే మిగిలింది. ఎప్పుడు ఆపాలో ఆయన సైగ చేస్తారని చూశాను. ఆయన కళ్ళు మూసుకుని వింటున్నారు, నేనూ ఆపలేదు.