మిక్ టూలీ చీలమండ

నెవిల్ గ్రిమ్‌షాకు ముప్పై మూడేళ్ళు. ఇప్పటికి ఆడిన ఫుట్‌బాల్ క్లబ్బులు పదకొండు. డిఫెండరు, అంటే గోలు కొట్టి పేరు తెచ్చుకునేవాడు కాదు, కొట్టబోయేవాడికి అడ్డంపడి తన్నులు తినేవాడు. ఇలాంటివాణ్ణి ఏ క్లబ్బూ ముచ్చటపడి తెచ్చుకోదు. ఉన్నవాడి మోకాలు విరిగినప్పుడు ఫోన్ చేస్తుంది. ఫోన్ మోగితే చాలు, నెవిల్ సగం తిన్న ప్లేటు వదిలి కారెక్కేవాడు. ఉత్తర ఇంగ్లండ్‌లో ఏ ఊళ్ళో కారు ఎక్కడ ఆపుకోవచ్చో అతనికి కంఠతా వచ్చు. ఏ ఊళ్ళోనూ పక్కింటివాడి పేరు మాత్రం తెలియదు.

అతని దగ్గర ఇంకో సరుకుంది. పైకి ఎవరూ అనరు గానీ, సగం జీతం దానికే. అన్ని క్లబ్బులు తిరిగినవాడికి ప్రతి ఎదుటి జట్టులోనూ ఒకరిద్దరు పాత నేస్తాలుంటారు. ఎవడికి ఎడమకాలు పనికిరాదు, ఏ గోల్‌కీపరు ఎత్తు బంతికి బెదురుతాడు, ఎవణ్ణి ఏమంటే రెఫరీ కళ్ళెదుటే చెయ్యి చేసుకుంటాడు, అన్నీ తెలుస్తాయి. శుక్రవారం ప్రాక్టీసయ్యాక మేనేజరు అడుగుతాడు, నెవిల్ చెబుతాడు. అందరూ చేసేదే, అందులో తప్పేముందని అతను ఏనాడూ అనుకోలేదు. నిజం చెప్పాలంటే, ఆ పది నిమిషాలూ అందరూ తన నోటివంకే చూస్తుంటే అతనికి బాగానే ఉండేది.

ఈ ఏడు ఆఖరి ఆట సొంత మైదానంలో, కాల్డర్‌ఫర్డ్ జట్టుతో. గెలిస్తే పై డివిజనుకు పోయే ఆశ మిగులుతుంది. నెవిల్‌కి అంతకంటే పెద్ద సంగతి ఒకటుంది. "రెండేళ్ళ కాంట్రాక్టు. కాగితం సిద్ధంగా ఉంది, ఈ ఆట కానియ్," అన్నాడు మేనేజరు బీస్లీ. భార్య జానిస్‌కు ఈ ఊరి బడి వంటింట్లో పని దొరికింది. కూతురికి, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి, ఇంటికొచ్చే స్నేహితురాలు దొరికింది. "ఇంకోసారి ఊరు మారాలంటే నువ్వొక్కడివే వెళ్ళు నెవిల్. మేం రాం," అని జానిస్ తెగేసి చెప్పింది. ఆమె ఊరికే అనే మనిషి కాదు.

శుక్రవారం పొద్దున బట్టలు మార్చుకునే గదిలో బీస్లీ బల్లమీద కూర్చుని మొదలుపెట్టాడు.

"గోల్‌కీపరు?"

"కుడివైపు దూకడు బాస్. భుజం నొప్పి."

"ఆ ఎర్రజుట్టు వాడు?"

"వాడి కారుని ఎగతాళి చెయ్యండి చాలు. బంతి వదిలేసి మీ మీదికొస్తాడు."

అందరూ గొల్లుమన్నారు.

"సరే. మరి టూలీ? ఎక్కడ తగిలితే కూలబడతాడు?"

నెవిల్ వంగి, కట్టి ఉన్న బూటు లేసే మళ్ళీ కట్టుకున్నాడు.

మిక్ టూలీ కాల్డర్‌ఫర్డ్ తరఫున గోల్స్ కొట్టేవాడు. తొమ్మిదో క్లబ్బులో నెవిల్, అతనూ రెండేళ్ళు కలిసి ఆడారు. పరాయి ఊళ్ళకి వెళ్తే ఇద్దరికీ ఒకే హోటల్ గది. ఒక పొద్దున నెవిల్ చూసుకోకుండా బాత్రూం తలుపు తోశాడు. మిక్ తొట్టి అంచున కూర్చుని, ఎడమకాలు ఐసు బకెట్లో పెట్టి, తువ్వాలు పళ్ళ మధ్య బిగించి ఏడుస్తున్నాడు. "చీలమండకి ఇంకొక్క గట్టి దెబ్బ తగిలితే ఆట సరే, నడకే కష్టమన్నాడురా డాక్టరు. ఎవరికీ తెలీదు," అన్నాడు.

"ఏమీ లేదు బాస్. దున్నపోతులా ఉంటాడు," అన్నాడు నెవిల్.

"రెండేళ్ళు ఒకే గదిలో పడుకున్నావు, ఏమీ చూళ్ళేదా?" అన్నాడు క్రాబ్‌ట్రీ. జట్టులో రెండో డిఫెండరు అతనే. చీలమండ అన్న మాట చెవిన పడితే చాలు, మొదటి ఐదు నిమిషాల్లో పని ముగించే రకం.

"గురక విన్నాను."

"గురకని ఎలా తన్నేదిరా?"

మళ్ళీ నవ్వులు. బీస్లీ మాత్రం నవ్వలేదు. "నిజమేనా నెవిల్?"

"నిజమే బాస్."

ఇంటికొచ్చాక కాలుగాలిన పిల్లిలా తిరిగాడు. కారు కడిగాడు. ఆరకముందే మళ్ళీ కడిగాడు. "కాసేపు కూర్చోరాదూ, నిన్ను చూస్తుంటే నాకే కళ్ళు తిరుగుతున్నాయి," అంది జానిస్. "కూర్చునే ఉన్నాగా," అన్నాడు నిలబడే. ఒక్క మాట చెబితే పోయేది. బీస్లీకి ఇప్పుడు ఫోన్ చేసినా పోతుంది. ఫోన్ దాకా రెండుసార్లు వెళ్ళొచ్చాడు.

శనివారం ఆట మొదలైన రెండో నిమిషంలో బంతి అతని ఎడమ భుజం మీదుగా వెనక పడింది. మోకాలి ఆపరేషనయ్యాక నెవిల్ ఎడమవైపు గబుక్కున తిరగలేడు. అది బయటపడకుండా ఎక్కడ నిలబడాలో నాలుగేళ్ళుగా నేర్చుకున్నాడు. మొదటిసారి ఏదో అలా జరిగిందిలే అనుకున్నాడు. మూడోసారికి అర్థమైంది, వాళ్ళకి తెలుసు.

విరామం తర్వాత క్రాబ్‌ట్రీ బూటు మిక్ ఎడమకాలికి బెత్తెడు దూరంలోకి వచ్చి పోతోంది. 'ఆ కాలేరా' అన్న మాట నెవిల్ నాలుక చివరిదాకా వచ్చింది. మింగేశాడు. అరవై ఒకటో నిమిషంలో మళ్ళీ అదే భుజం మీదుగా బంతి. అతను తిరిగేసరికి మిక్ దాటిపోయాడు. గోల్. అదొక్కటే గోలు, దానితోనే ఓడిపోయారు.

ఆట తర్వాత రెండు జట్లూ, వాళ్ళ కుటుంబాలూ ఒకే హాల్లో టీ తాగుతారు. మిక్ కుంటుతూ వచ్చి నెవిల్ వీపు మీద చరిచాడు.

"ఏరా ముసలోడా! మీవాళ్ళు నా కాలి జోలికే రాలేదేంట్రా? మూడు పొరలు పట్టీ చుట్టుకొచ్చాను. పొద్దున టోస్టు ముక్క కూడా దిగలేదు భయంతో."

"నా ఎడమవైపు సంగతి ఎవరు చెప్పార్రా?"

"ఇంకెవరు, నేనే. అడిగారు, చెప్పాను," అన్నాడు మిక్, దాపరికం లేకుండా. "నువ్వూ చెప్పే ఉంటావుగా, నా చీలమండ గురించి?"

"ఏ చీలమండ?"

అడిగింది వెనక నిలబడ్డ బీస్లీ, చేతిలో టీ కప్పుతో. మిక్ నవ్వు అక్కడే ఆగిపోయింది.

"నీకు తెలుసు," అన్నాడు బీస్లీ నెవిల్‌తో. గొంతు పెంచలేదు. "నీ నోటితో నువ్వే దున్నపోతన్నావు."

"బాస్, వాడికి ఇంకొక్క దెబ్బ తగిలితే..."

"ఆ లెక్క నువ్వు చూసుకుంటావా? నాకు అబద్ధం చెప్పేవాడు నాకొద్దు. సోమవారం రావక్కర్లేదు." కప్పు పక్కన పెట్టి వెళ్ళిపోయాడు.

"ఎందుకు చెప్పలేదురా?" అన్నాడు మిక్. నిజంగానే అతనికి అర్థం కాలేదు. "అందరం చెబుతాంగా. నేను చెప్పానుగా."

"ఒక్కడి గురించైనా చెప్పకుండా ఉందామనుకున్నానురా," అన్నాడు నెవిల్. అది కోపమో సిగ్గో అతనికే తెలియలేదు. "పదకొండు క్లబ్బుల్లో, ఒక్కడు."

మిక్ చెయ్యి చాపాడు. నెవిల్ దాన్ని దాటుకుని నడిచాడు.

హాలు చివర జానిస్ మిగతా భార్యలతో నవ్వుతూ మాట్లాడుతోంది. అతన్ని చూసి పక్క కుర్చీ లాగింది. "సంతకం అయిందా?"

"పద, ఇంటికెళ్ళాక చెబుతా."

ఆమె అతని మొహంలోకి చూసింది. లేవలేదు.

"ఇక్కడే చెప్పు," అంది.