తెర వెనక చెయ్యి

బాపట్ల వెళ్ళడానికి చంద్రకళ సంచి సర్దుతోంది. ఆయన తువ్వాలు, ఆయన బీపీ మాత్రలు, ఆయన కళ్ళజోడు, రైల్లో ఆయన తినడానికి ఇడ్లీలు. తన దువ్వెన ఒక్కటి అడుగున పడేసింది. అన్నకూతురు శ్రావ్య తీసిన చిన్న సినిమాని ఇవాళ అక్కడి కాలేజీలో వేస్తున్నారు. "యాక్టరమ్మగారూ, తెమలండి!" అన్నాడు మొగుడు బ్రహ్మానందం హుషారుగా. చంద్రకళకి మాత్రం వెళ్ళాలని లేదు.

ఆ సినిమాలో కథేం లేదు. ఒకే ఇంట్లో బతికే మనుషులకి ఒకరికొకరు ఎంత తెలుసో చూద్దామని శ్రావ్య చేసిన ప్రయోగం. గుడ్డతెరకి కంతలు పెట్టి, వెనక ఆడవాళ్ళని నిలబెట్టి చేతులు బయటికి చాపమంది. ఇవతల కళ్ళకి గంతలు కట్టుకున్న మొగుళ్ళు తమ భార్య చెయ్యేదో చెప్పాలి. అదేం కష్టం అనుకుంది చంద్రకళ. 'బ్రహ్మానందం పచ్చళ్ళు' కోసం ఇరవై ఏళ్ళుగా నిమ్మకాయలు కోసి, ఉప్పులో పిసికి, వేళ్ళ సందులు పగిలిన చెయ్యి తనది. ఆయన దాన్ని ఒకసారి తడిమి వదిలేశాడు. "ఇదెవరో పనిమనిషిదిలే," అని నవ్వి, పక్క కంతలోంచి చాపిన, వాళ్ళ వీధి ఫ్లోరెన్స్ టీచరు చెయ్యి పట్టుకుని "ఇదిగో, ఇదీ మా ఆవిడది!" అన్నాడు. ఎవరిదేదో సినిమాలోనే చూడండి అంది శ్రావ్య. చంద్రకళ సిగ్గుతో చెయ్యి తెర లోపలికి లాక్కుంది. తర్వాత చాటుగా బతిమాలింది, "ఆ ముక్క తీసెయ్యవే." "అదే సినిమా అత్తా," అంది ఆ పిల్ల.

బాపట్ల కాలేజీ హాల్లో 'పనిమనిషిదిలే' అన్న మాటకి అందరూ పగలబడి నవ్వారు. బ్రహ్మానందం కూడా. అప్పుడు కెమెరా తెర వెనక్కి వెళ్ళింది. పగిలిన వేళ్ళు, మోచెయ్యి, భుజం, చంద్రకళ మొహం. నవ్వు ఆగిపోయింది. ముందు వరస వాళ్ళు వెనక్కి తిరిగి చూశారు. చంద్రకళ చెయ్యి కొంగులో దాచుకుంది.

తిరుగు రైల్లో దారిపొడుగునా ఆయన సాధిస్తూనే ఉన్నాడు. "నీదేనని ఆ రోజే ఏడవచ్చుగా? నలుగుర్లో పరువు తీశావు. ఆ చేతికి కాస్త కొబ్బరినూనైనా రాసుకోవు!" నిజమే, రాసుకోవాల్సింది అనుకుంది. రాసుకుంటే పచ్చడికి నూనె వాసన పట్టిందని ఆయనే తిట్టేవాడని గుర్తొచ్చింది. నిన్న ఆయన కాళ్ళు నొక్కింది కూడా ఈ చెయ్యే కదా, అప్పుడూ ఎవరిదో అనుకున్నాడా?

తమ ఊరు తెనాలిలో దిగేసరికి రేపల్లె బండి కదలబోతోంది. రేపల్లెలో చెల్లెలు కావేరి ఉంది. "సంచి పట్టుకో, ఆటో చూస్తా," అన్నాడాయన. చంద్రకళ కొంగులోంచి చెయ్యి బయటికి తీసింది. సంచి అడుగునుంచి తన దువ్వెన తీసుకుని, సంచి ఆయన చేతికిచ్చింది.

"మీవన్నీ ఇందులోనే ఉన్నాయండీ."

ఇది మొన్న ఫిబ్రవరిలో, ఒక ఆదివారం సాయంత్రం సంగతి. రేపల్లె బండెక్కిన చంద్రకళ మళ్ళీ తెనాలి ఇంటికి తిరిగి రాలేదు.